జమ లేని రేవు: టాంజియర్‌లో ఇంగ్లిష్ పాలన, 1661–1684



ఈ స్మారకోపన్యాసం ఎవరి పేరిట జరుగుతోందో ఆ మాస్టారు బతికినంతకాలం చరిత్ర పాఠమే చెప్పారు. ఫలానా యుద్ధంలో ఫలానా రాజు గెలిచాడని విద్యార్థి గడగడా అప్పజెబితే ఆయన తృప్తిపడేవారు కాదు. ఆ సైన్యానికి జీతాలెవరిచ్చారు, తిండిగింజలు ఏ ఊరినుంచి వచ్చాయి అని అడిగేవారు. ఆయన పేరిట మాట్లాడే అవకాశం ఇచ్చిన నిర్వాహకులకు కృతజ్ఞతలు. మాస్టారి ప్రశ్ననే చేతపట్టుకుని మనకు బాగా దూరాన ఉన్న ఒక ఊరికి మిమ్మల్ని తీసుకెళ్తాను.

ఆ ఊరు టాంజియర్. ఆఫ్రికా ఖండపు వాయవ్య మూలన, అట్లాంటిక్ మహాసముద్రం మధ్యధరాలోకి ప్రవేశించే జలసంధి ముఖద్వారంలో ఉన్న మొరాకో రేవు. లోకం చుట్టిన యాత్రికుడు ఇబ్న్ బతూతా 1304లో పుట్టింది అక్కడే. కాగితం మీద 1661 నుంచి, నేల మీద 1662 జనవరి నుంచి, 1684 ఫిబ్రవరి దాకా ఆ ఊరు ఇంగ్లండ్ రాజుది. బ్రిటిష్ సామ్రాజ్యమనగానే మనం ప్లాసీతోనో, బక్సర్‌తోనో మొదలుపెడతాం. వాళ్లు నిలదొక్కుకున్న చోట్ల కథలే మనకు కంఠతా వచ్చు. తాము కట్టినదాన్ని తామే కూలగొట్టుకుని ఓడలెక్కి వెళ్లిపోయిన చోటు గురించి మన పాఠ్యపుస్తకాల్లో ఒక వాక్యం కూడా కనబడదు. లిండా కోలీ 2002లో వెలువరించిన ‘కాప్టివ్స్’ గ్రంథాన్ని టాంజియర్‌తోనే మొదలుపెట్టడం ఊరికే కాదు. సామ్రాజ్యపు బలం తెలియాలంటే దాని బలహీనత బయటపడిన చోటుకు వెళ్లాలి.

టాంజియర్ ఇంగ్లండ్ చేజారింది మొరాకో సైన్యాల వల్లా, లండన్ పార్లమెంటు వల్లా అన్నది పాత తగాదా. ఇంగ్లిష్ చరిత్రకారులు చాలామంది పార్లమెంటు డబ్బివ్వలేదని రాశారు. మొరాకో చరిత్రకారులు తమ సుల్తాను విజయమని రాసుకున్నారు. నా మనవి ఏమిటంటే, ఇవి రెండు కారణాలు కావు, ఒక్కటే. లండన్ చెల్లించనన్న ఆ బిల్లును ఏడాదికేడాది పెంచుకుంటూ పోయినవాళ్లు టాంజియర్ గోడల బయట ఉన్నారు.

1. అరణంగా వచ్చిన ఊరు

పోర్చుగీసువాళ్లు 1471లో టాంజియర్‌ను పట్టుకున్నారు. మధ్యలో కొంతకాలం స్పెయిన్ రాజుల కింద ఉన్నా, ఊరు పోర్చుగీసు ఊరుగానే మిగిలింది. 1640లో స్పెయిన్ నుంచి విడివడిన పోర్చుగల్‌కు గట్టి అండ కావలసివచ్చింది. 1660లో గద్దెనెక్కిన ఇంగ్లండ్ రాజు రెండో చార్లెస్‌కు డబ్బు కావలసివచ్చింది. 1661 జూన్‌లో వివాహ ఒడంబడిక కుదిరింది. బ్రగాంజా రాకుమారి కేథరిన్‌తో పాటు 20 లక్షల క్రుజాడోల కట్నం, తూర్పున బొంబాయి, పడమట టాంజియర్ అరణంగా వచ్చాయి.

ఇంగ్లండ్ కన్ను ఆ జలసంధి మీద పడింది అప్పుడే కాదు. 1656లోనే అప్పటి ఇంగ్లండ్ పాలకుడు క్రామ్‌వెల్ జిబ్రాల్టర్‌ను పట్టుకునే సంగతి ఆలోచించాడు. ఆనాడు ఇంగ్లండ్ నౌకాదళంలో ఉన్న ఎడ్వర్డ్ మాంటేగూయే తర్వాత శాండ్‌విచ్ ప్రభువుగా టాంజియర్‌ను స్వాధీనం చేసుకోవడానికి వెళ్లాడు. స్మిర్నా వైపు వెళ్లే ఇంగ్లిష్ వర్తకనౌకలు ఆ జలసంధి గుండానే పోవాలి. అల్జీర్స్, సలే రేవుల సముద్రపు దోపిడీ ఓడలు వాటిమీద పడి సరుకునూ మనుషులనూ పట్టుకుపోయేవి. జలసంధి గుమ్మంలో ఒక సొంత రేవు ఉంటే కాపలా సులువని లెక్క.

అప్పగింత ఎలా జరిగిందో చూస్తే తర్వాతి ఇరవై రెండేళ్ల కథ అందులోనే కనిపిస్తుంది. శాండ్‌విచ్ నౌకాదళం అఖాతంలో లంగరు వేసి ఎదురుచూస్తోంది. ఊళ్లోని పోర్చుగీసు సైనికులకు ఊరు వదలడం ఇష్టం లేదు. 1662 జనవరిలో వాళ్ల గుర్రపు దళం గోడ దాటి పల్లెల మీద పడి పశువులను తోలుకొస్తుండగా మొరాకో వాళ్లు మాటు వేసి కొట్టారు. దళనాయకుడితో పాటు యాభైమంది దాకా పోయారు. ఊరు కాచుకోవడానికే మనుషులు చాలని పరిస్థితిలో, పోర్చుగీసు గవర్నరే ఇంగ్లిష్ నావికులను లోపలికి రమ్మన్నాడు. జనవరి నెలాఖరుకు తొలి ఇంగ్లిష్ గవర్నరు పీటర్‌బరో ప్రభువు సుమారు 3,000 మందితో దిగాడు. పోర్చుగీసు కుటుంబాలు చాలావరకు లిస్బన్ వెళ్లిపోయాయి. పోతూ పోతూ ఇళ్ల తలుపులు, కిటికీలు, నేలపలకలు సైతం ఊడబెరుక్కుపోయాయని కొత్తగా వచ్చినవాళ్లు గోలపెట్టారు.

ఒడంబడిక ఊరిని ఇచ్చింది. ఊరి చుట్టూ ఉన్న నేలను ఇవ్వలేదు. అది పోర్చుగల్ చేతిలో ఉంటే కదా ఇవ్వడానికి!

2. గోడ అవతలి నేల

రేవు పట్టణానికి ఏమేం కావాలి? గుర్రాలకు గడ్డి, పొయ్యిలోకి కట్టెలు, మాంసం, కూరగాయలు, కట్టడాలకు రాయి, సున్నం. ఇవన్నీ గోడ బయటే దొరుకుతాయి. ఆ బయటి నేల ఆనాడు అల్ ఖాదిర్ గైలాన్ అనే నాయకుడిది. మొరాకోలో పాత సాదీ వంశం కూలిపోయి, కొత్త అలవీ వంశం ఇంకా పూర్తిగా కుదురుకోని రోజులవి. ఉత్తరాన గైలాన్ తన సొంత బలంతో రాజ్యం చేస్తున్నాడు. ఇంగ్లిష్ కాగితాల్లో అతని పేరు ‘గయ్‌లండ్’గా కనిపిస్తుంది.

గైలాన్ కోట గోడల మీదికి దూకి తల బద్దలుకొట్టుకునే మనిషి కాదు. గడ్డి కోయడానికి, పొదలు నరకడానికి ఎవరు బయటికొస్తారో కనిపెట్టి ఉండేవాడు. 1662 మే నెలలోనే గోడ దాటిన ఒక ఇంగ్లిష్ దళాన్ని చావుదెబ్బ కొట్టాడు. 1663లో గవర్నరుగా వచ్చిన టెవియట్ ప్రభువు ఆండ్రూ రూథర్‌ఫర్డ్ ఈ ఆట అర్థం చేసుకున్నాడు. ఫ్రెంచి సైన్యంలో పనిచేసి అనుభవం గడించిన స్కాట్లండ్ సేనాని అతడు. గోడ బయట చిన్న చిన్న కోటలు కట్టించి, కందకాలు తవ్వించి, అంగుళం అంగుళం నేల సంపాదించుకుంటూ పోయాడు. గైలాన్‌తో కొన్నాళ్లు సంధి కూడా నడిచింది.

సంధి గడువు ముగిసింది. 1664 మే 4న టెవియట్ తన మనుషులతో పట్టణానికి కొద్ది దూరంలో ఉన్న యూదుల వాగు వైపు వెళ్లాడు. శత్రువు దాక్కోవడానికి ఆసరాగా ఉన్న పొదలను నరికించడం ఆనాటి పని. ముందు వెళ్లిన వేగులు దారి ఖాళీగా ఉందని చెప్పారు. మాటు వేసినవాళ్లు ఆ పొదల వెనకే ఉన్నారు. గవర్నరుతో సహా 400 మందికి పైగా అక్కడే పోయారు. ఆ దండులో ప్రాణాలతో గోడ లోపలికి చేరినవాళ్లు కొద్దిమంది. ఒక్క పూటలో ఊరి కాపలాదళంలో పెద్ద భాగం తుడిచిపెట్టుకుపోయింది.

అయినా గైలాన్ ఊరిలోకి చొరబడలేదు, అతనికి ఆ అవసరం లేదు. ఊళ్లోవాళ్లు ఇంగ్లండ్ నుంచి వచ్చే ఉప్పుమాంసం, రొట్టెల మీద బతకవలసిందే కదా! సంధి ఉన్నప్పుడు పల్లెవాళ్లు పశువులనూ కూరలనూ తెచ్చి అమ్మేవారు. సంధి చెడితే ఆ బజారు మూతపడేది. తెరిచే చెయ్యీ మూసే చెయ్యీ గైలాన్‌దే. 1666లో అలవీ వంశపు మౌలే రషీద్ ఫెజ్ నగరాన్ని పట్టుకుని తనమీదికి వస్తుంటే, గైలాన్ అప్పటి గవర్నరు బెలసిస్‌తో ఒప్పందం చేసుకున్నాడు. ఇంగ్లిష్‌వాళ్లకు నాలుగు రోజులు ఊపిరాడిందంటే అది మొరాకో లోపలి రాజకీయం పెట్టిన భిక్షే.

3. సముద్రంలో కట్టిన కట్ట

ఇక రేవు సంగతి. టాంజియర్ అఖాతం తూర్పుకూ ఈశాన్యానికీ బాహాటంగా తెరుచుకుని ఉంటుంది. ‘లెవాంటర్’ అనే తూర్పుగాలి రేగిందంటే లంగరు వేసిన ఓడలకు దిక్కుండదు. అందుకని సముద్రంలోకి పెద్ద రాతికట్ట కట్టాలనుకున్నారు. దాన్నే మోల్ అన్నారు. 1663లో టెవియట్, నౌకాధిపతి జాన్ లాసన్, ఇంజనీరు హ్యూ చమ్లీ ముగ్గురూ కలిసి క్యూబిక్ గజానికి 13 షిల్లింగుల చొప్పున గుత్తకు తీసుకున్నారు. టెవియట్ మరుసటి ఏడాదే పోయాడు. లాసన్ 1665లో డచ్చివాళ్లతో యుద్ధంలో గాయపడి పోయాడు. భారమంతా చమ్లీ మీద పడింది.

చమ్లీది యార్క్‌షైర్ తీరంలోని విట్‌బీ. పనివాళ్లను అటునుంచే తెచ్చుకున్నాడు. రాతిగని దగ్గర వాళ్లు గుడిసెలు వేసుకున్న చోటుకు కూడా విట్‌బీ అనే పేరు పెట్టుకున్నారు. రాళ్లు కుమ్మరించి, సున్నంతో బిగించి కట్టను ముందుకు జరపడం అతని పద్ధతి. ఎండాకాలమంతా కట్టినదాన్ని చలికాలపు తుపాన్లు చీల్చేవి. 1670ల నడుమ పని హెన్రీ షేర్స్ చేతికి వచ్చింది. అతడు జెనోవావాళ్ల పద్ధతి పట్టాడు. బలమైన కలపతో బ్రహ్మాండమైన పెట్టెలు చేయించి, తేల్చుకుంటూ తీసుకెళ్లి, వాటిలో రాళ్లూ గారా నింపి సముద్రంలో ముంచడం. మన విశాఖపట్నం రేవు కట్టేటప్పుడు రెండు పాత ఓడలను ముంచి అలలకు అడ్డంపెట్టారు. ఆ తెలివికి ఇది తాత. షేర్స్ పెట్టెలు అలలకు తట్టుకున్నాయి. పని ఆగేనాటికి కట్ట పొడవు 1,436 అడుగులు. ఖర్చు 3,40,000 పౌండ్లు.

ఈ అంకె ఎంత పెద్దదో తెలియాలంటే ఇంకో అంకె పక్కన పెట్టాలి. 1660లో పార్లమెంటు రాజుకు ఏడాదికి ఇస్తానన్న రాబడి 12 లక్షల పౌండ్లు. అదైనా మొదటి ఏళ్లలో పూర్తిగా చేతికి రాలేదు. ఒక్క రాతికట్ట మీద అందులో పావు వంతు కన్నా ఎక్కువ పోయింది. దానికి తోడు తొలి సంవత్సరాల్లో కాపలాదళానికీ పరిపాలనకూ ఏటా సుమారు 70,000 పౌండ్ల అంచనా. ఇంత పోసినా రేవులో సుంకాలు పుట్టాయా? వర్తకులను రప్పించడానికి దాన్ని స్వేచ్ఛారేవుగా ప్రకటించారు, కాబట్టి సుంకం మాట లేదు. లోపలి దేశంనుంచి సరుకు రాదు, కాబట్టి వర్తకమూ అంతంతమాత్రం. ఖర్చుల పద్దు నిండుగా ఉంది, జమల పద్దు ఖాళీ.

4. ఒక ఏడాది, రెండు దారులు

1668వ సంవత్సరం దగ్గర కాస్త ఆగుదాం. ఆ ఏడాది చార్లెస్ ప్రభుత్వం అరణంగా వచ్చిన రెండు రేవుల గురించీ తేల్చుకుంది. బొంబాయి స్వాధీనమైన తీరు కూడా ఘోరమే. 1662లో వెళ్లిన అబ్రహాం షిప్‌మన్‌కు పోర్చుగీసువాళ్లు ఊరు అప్పగించలేదు. కార్వార్ దగ్గరి అంజదీవ్ దీవిలో పడిగాపులు కాసి అతడూ, అతని సైనికుల్లో ఎక్కువమందీ రోగాలతో చనిపోయారు. 1665లో గాని బొంబాయి చేతికి రాలేదు. ఆదాయం కన్నా ఖర్చే కనబడేసరికి 1668లో రాజు దాన్ని ఏడాదికి 10 పౌండ్ల బంగారు శిస్తుకు ఈస్టిండియా కంపెనీకి వదిలించుకున్నాడు.

అదే ఏడాది టాంజియర్‌కు ఇంగ్లండ్ పట్టణాలతో సమానంగా నగర హోదా ఇస్తూ సన్నదు జారీ అయింది. మేయరు, ఆల్డర్‌మన్లు, నగరసభ, కోర్టు అన్నీ వచ్చాయి. జాన్ బ్లాండ్ అనే వర్తకుడు మేయరయ్యాడు. మేయరుకూ గవర్నరుకూ పొసగేది కాదు. ఊరు వర్తకులదా, సైనికులదా అన్న తగువు చివరిదాకా తెగలేదు. 1676 లెక్కల్లో ఊరి జనాభా రెండు వేల పైచిలుకు. అందులో సగానికి పైగా సైనికులే. గౌను వేసుకున్న మేయరు ఎవరిమీద అధికారం చెలాయిస్తాడు?

ఆ ఊరు పూర్తిగా ఎడారి కాదు. లాన్స్‌లట్ అడిసన్ అనే పాదిరీ అక్కడ ఉన్నకాలంలో చుట్టుపక్కల జనం గురించి తెలుసుకుని ‘వెస్ట్ బార్బరీ’ అనే పుస్తకం 1671లో వెలువరించాడు. వ్యాసకర్త జోసెఫ్ అడిసన్‌కు తండ్రి ఆయన. 1669లో వచ్చిన చిత్రకారుడు వెన్సెస్లాస్ హోలార్ ఊరినీ, బయటి కోటలనూ, సగం కట్టిన మోల్‌నూ గీశాడు. ఆనాటి టాంజియర్‌ను మనం కళ్లారా చూడగలుగుతున్నామంటే ఆయన చలవే. ఆ చిత్రాల్లో కోటలూ గోడలూ దట్టంగా ఉంటాయి, వాటి వెనక కొండలు బోడిగా ఉంటాయి.

లండన్‌లో ఈ వ్యవహారం నడిపింది టాంజియర్ కమిటీ. దినచర్యతో లోకప్రసిద్ధుడైన శామ్యూల్ పీప్స్ 1662లో అందులో సభ్యుడయ్యాడు, 1665లో కోశాధికారి అయ్యాడు. ముందున్న కోశాధికారి థామస్ పోవీ లెక్కలు చిందరవందర చేస్తే, లాభంలో వాటా ఇస్తానని అతన్ని ఒప్పించి పదవి పుచ్చుకున్నాడు. గుత్తేదారులు ఇచ్చిన కానుకలను పీప్స్ తన సంకేతలిపి దినచర్యలో దాపరికం లేకుండా రాసుకున్నాడు. తీసుకున్నది లంచం కాదని తనకు తాను నచ్చచెప్పుకున్న తీరు కూడా అందులోనే ఉంది. ఖజానా నుంచి నగదు వచ్చేది కాదు. రాబోయే పన్నుల మీద హామీగా గాట్లు పెట్టిన కర్రముక్కలు ఇచ్చేవారు. వాటిని ‘టాలీ’లనేవారు. వాటిని పట్టుకుని లండన్ కంసాలి షావుకార్ల చుట్టూ తిరిగి, వడ్డీ కోసుకోనిచ్చి రొక్కం తేవాలి. మధ్యలో అందరి చేతులూ తడిసేవి. టాంజియర్ గోడమీద నిలబడ్డ సిపాయికి మాత్రం నెలల తరబడి, ఒక్కోసారి ఏళ్ల తరబడి జీతం బాకీ. కొందరు గోడ దూకి మొరాకో వైపు చేరిపోయారంటే ఆశ్చర్యమేముంది?

5. ఇస్మాయిల్ వచ్చాక

1672లో మౌలే ఇస్మాయిల్ సుల్తాను అయ్యాడు. 1727 దాకా, అంటే యాభై అయిదేళ్లు ఏలాడు. అల్జీర్స్ పారిపోయి తిరిగొచ్చిన గైలాన్ 1673లో అతని సైన్యంతో పోరాడుతూ హతమయ్యాడు. అంతవరకు టాంజియర్ ఇంగ్లిష్‌వాళ్లు మొరాకోలోని చీలికల మీద బతికారు. ఇప్పుడు దేశమంతా ఒక్క చేతికి వచ్చింది. ఇస్మాయిల్ లెక్క ఒక్క టాంజియర్‌తో ఆగేది కాదు. 1681లో మామోరా, 1689లో లరాష్ స్పెయిన్ నుంచి లాక్కున్నాడు. తీరం మీద పరాయి కోట ఒక్కటీ ఉండకూడదన్నది అతని పట్టు.

1680 వసంతంలో ముట్టడి బిగిసింది. మొరాకో సైన్యం ఈసారి మాటు వేయలేదు. బయటి కోటలకూ ఊరికీ మధ్య కందకాలు తవ్వుకుంటూ వచ్చి వాటిని విడదీసింది. కోటల కింద సొరంగాలు తవ్వి మందుగుండు పెట్టే విద్య కూడా వాళ్లకు పట్టుబడింది. ఊళ్లోనుంచి పారిపోయి వచ్చిన సిపాయిలు వాళ్ల దగ్గర ఉన్నారు. అందువల్ల ఇంగ్లిష్‌లో అరిచి చెప్పిన ఏ కబురైనా శత్రువుకు తెలిసిపోతుంది. బయటి కోటల్లో ఒకటైన చార్లెస్ కోటలో చిక్కుకున్నవాళ్లూ, ఊళ్లోవాళ్లూ అప్పుడొక ఉపాయం పన్నారు. పెద్ద బాకా గొట్టం పెట్టి ఐరిష్ భాషలో కేకలేసుకున్నారు. ఐర్లండ్ నుంచి తెచ్చిన సిపాయిలు దళంలో చాలామంది ఉన్నారు. ఇంగ్లండ్‌లో ఎవరి మతాన్నీ భాషనూ అనుమానంగా చూశారో, ఇక్కడ కోటవాళ్ల ప్రాణాలు వాళ్ల భాష మీదే వేలాడాయి. మే నెలలో ఆ కోటవాళ్లు తమ ఫిరంగులను పాడుచేసి, మందుగుండు పేల్చి, కందకాల మధ్యనుంచి ఊరివైపు పరుగెత్తారు. చేరినవాళ్లు తక్కువ, కూలినవాళ్లు ఎక్కువ.

ఇంగ్లండ్ నుంచి కొత్త దళాలు వచ్చాయి. స్పెయిన్ నుంచి గుర్రపుదళాన్ని అద్దెకు తెచ్చారు. అక్టోబరు చివర బయటికి వచ్చి చేసిన పోరులో ఇంగ్లిష్‌వాళ్లు గెలిచారు. గవర్నరు పామ్స్ ఫెయిర్‌బోర్న్ మాత్రం తగిలిన గాయంతో కన్నుమూశాడు. ఆయన స్మారకఫలకం వెస్ట్‌మినిస్టర్ అబేలో ఉంది, దానిమీది పద్యాలు కవి డ్రైడెన్‌వి. ఆ గెలుపు వల్ల వచ్చింది నాలుగేళ్ల సంధి మాత్రమే. పోయిన బయటి కోటలు తిరిగి రాలేదు. గెలిచాక కూడా ఊరు మునుపటికన్నా ఇరుకైంది.

ఈ సంధి కోసమే సుల్తాను రాయబారి మహమ్మద్ బిన్ హద్దూ 1682లో లండన్ వచ్చాడు. హైడ్‌పార్కులో అతని మనుషుల గుర్రపుస్వారీ చూడ్డానికి జనం ఎగబడ్డారు. రాయల్ సొసైటీ అతన్ని గౌరవ సభ్యుడిగా చేర్చుకుంది. చక్రవర్తి రాయబారికి ఇచ్చే మర్యాద అది. ఆనాటికి మొరాకో ఇంగ్లండ్ కళ్లకు లొంగిపోవలసిన దేశంగా కనబడలేదని గుర్తుపెట్టుకోండి.

6. లండన్ లెక్క

ముట్టడి జరిగిన 1680లోనే రాజు టాంజియర్ కోసం పార్లమెంటును డబ్బడిగాడు. అప్పుడు ఇంగ్లండ్ రాజకీయమంతా ఒక్క విషయం చుట్టూ తిరుగుతోంది. రాజు తమ్ముడు జేమ్స్ కేథలిక్. అతనికి వారసత్వం దక్కకుండా చట్టం చేయాలని కామన్స్ సభ పట్టుబట్టింది. టాంజియర్‌లో కేథలిక్ అధికారులూ, ఐరిష్ సిపాయిలూ ఎక్కువ. అక్కడ పోరులో రాటుదేలిన సైన్యాన్ని రేపు రాజు తమమీదికే తెస్తాడేమోనని సభ్యులకు భయం. ముందు వారసత్వం సంగతి తేల్చు, తర్వాత టాంజియర్ సంగతి చూద్దామన్నారు. రాజు ససేమిరా అన్నాడు, 1681లో సభను రద్దు చేశాడు. పార్లమెంటు లేకుండా నెట్టుకురావాలంటే ఖర్చులు కోసుకోవాలి. కోతకు టాంజియరే మొదట కనబడింది.

పార్లమెంటే టాంజియర్‌ను పోగొట్టిందనే వాదం ఇక్కడినుంచే పుట్టింది. కాని ఒక్క ప్రశ్న వేసుకుందాం. అంత పెద్ద సైన్యం అక్కడ ఎందుకుంది? బయటి నేల శత్రువుది కాబట్టి. డబ్బు పార్లమెంటునే ఎందుకు అడగాలి? బయటి నేల నుంచి ఒక్క పెన్నీ రాదు కాబట్టి. మొరాకో రైతు పండించింది గోడ లోపలికి రాలేదు, శిస్తుగా అంతకన్నా రాలేదు. టెవియట్ కాలంనుంచి పెరుగుతూ వచ్చిన ప్రతి కోటా, ప్రతి దళమూ, ప్రతి ఓడ ఉప్పుమాంసమూ ఆ బయటి ఒత్తిడికి కట్టిన వెల.

7. కట్టినవాడి చేతనే కూల్పించడం

1683 ఆగస్టులో డార్ట్‌మత్ ప్రభువు నాయకత్వంలో నౌకాదళం బయల్దేరింది. ఉద్దేశం రహస్యం. వెంట వెళ్లిన పీప్స్‌కు కూడా ఓడ సముద్రంలోకి వెళ్లాకే తెలిసింది, ఊరిని ఖాళీచేసి కూలగొట్టడానికి వెళ్తున్నామని. దాదాపు పద్నాలుగేళ్లు కోశాధికారిగా టాంజియర్ మీద బాగుపడ్డ మనిషి, ఆ ఊరు ఎందుకు పనికిరాదో కారణాలు రాసిపెట్టే పనికి కూర్చున్నాడు. ఇళ్ల యజమానులకు నష్టపరిహారం లెక్కగట్టే పని కూడా అతనికీ, విలియం ట్రంబుల్ అనే న్యాయవేత్తకూ పడింది. పీప్స్ ఆ రోజుల్లో రాసుకున్న డైరీలో చివరి గవర్నరు పెర్సీ కర్క్ దౌర్జన్యం, అధికారుల లంచగొండితనం ఏకరువు పెట్టాడు. ఊళ్లోకి అడుగుపెట్టని ఇన్నేళ్లలో ఆ సొమ్ము పంపిణీ తన బల్ల మీదనుంచే జరిగిందన్న మాట అతను ఎక్కడా ఎత్తుకోలేదు.

మోల్‌ను కూల్చే పని హెన్రీ షేర్స్‌కే అప్పగించారు. అతని పనితనం అతనికే అడ్డం తిరిగింది. అలలకు తట్టుకునేలా బిగించిన గారా గునపానికి లొంగలేదు. సిపాయిలూ నావికులూ నెలల తరబడి తవ్వి, మందు పెట్టి పేల్చి, ఆ రాళ్లనే రేవులోకి దొర్లించారు. వెనక వచ్చేవాడికి రేవు పనికిరాకుండా చేయడం దాని ఉద్దేశం. ఊళ్లోవాళ్లను ముందుగా ఓడలెక్కించారు. 1684 ఫిబ్రవరి మొదటివారంలో కోటలు పేల్చి ఆఖరి సైనికులు వెళ్లిపోయారు. మొరాకో సేనాని అలీ బిన్ అబ్దుల్లా అల్ రిఫీ శిథిలాల్లోకి అడుగుపెట్టి, ఊరిని తిరిగి కట్టడం మొదలుపెట్టాడు. అతని తర్వాత అతని కుటుంబమే దశాబ్దాలపాటు ఆ ఊరిని ఏలింది.

పార్లమెంటు భయపడింది ఉత్తిదే కాదు. కర్క్ దళం తిరిగొచ్చి, 1685లో అన్న తర్వాత రాజైన జేమ్స్ పక్షాన సెడ్జ్‌మూర్‌లో తిరుగుబాటును అణిచి, పల్లెల్లో చేసిన అఘాయిత్యానికి ఇంగ్లండ్ పశ్చిమ ప్రాంతం దాన్ని తరాల తరబడి తిట్టుకుంది.

8. మన తీరం నుంచి చూస్తే

ఈ కథ తెలుగు శ్రోతలకు ఎందుకని కొందరికి అనిపించవచ్చు. పోలిక కోసం అదే కాలపు మన తీరాన్ని చూడండి. ఇంగ్లిష్‌వాళ్లు 1611లో మచిలీపట్నంలో వర్తకశాల పెట్టుకున్నారు. 1639లో దామెర్ల వారి సన్నదు పొంది, ఆ తర్వాత మద్రాసులో దిగారు. టాంజియర్‌లో లాగా అక్కడ రాజుగారి సార్వభౌమాధికారం ప్రకటించలేదు. 1672 ఒప్పందం ప్రకారం మద్రాసు కోసం గోల్కొండకు ఏటా 1,200 వరహాలు కట్టారు. కోట లోపలి తెల్లవాళ్లకూ, బయటి నేతపల్లెలకూ మధ్య బేరి తిమ్మన్న, కాశీ వీరన్న లాంటి వర్తకులు నిలిచారు. నేతగాళ్లకు బయానాలు ఇచ్చి గుడ్డ రాబట్టింది వాళ్లే. నేల దొరకు అద్దె, వర్తకుడికి లాభం ముట్టాయి కాబట్టి బజారు తెరుచుకునే ఉంది. టాంజియర్ గోడ బయట గైలాన్‌కూ ఇస్మాయిల్‌కూ అలాంటి బేరం అక్కర్లేదు. వాళ్లకు వేరే రేవులున్నాయి, వేరే కొనుగోలుదార్లున్నారు.

ఇక్కడ నేను మొరాకో వాళ్లను వీరులుగా, మనవాళ్లను లొంగిపోయినవాళ్లుగా చూపించడం లేదు. మనవాళ్లు బేరమాడింది తమ నేలమీద నిలబడి, తమ షరతుల మీద. ఆ షరతులు తిరగబడింది తర్వాత. 1765లో మొఘల్ చక్రవర్తి ఫర్మానా, 1766లో నిజాంతో ఒప్పందం కంపెనీకి ఉత్తర సర్కారులను కట్టబెట్టాయి. అప్పటినుంచి శ్రీకాకుళం మొదలు కృష్ణ దాకా రైతు కట్టిన శిస్తే ఆ రైతుమీద నిలబెట్టిన సైన్యానికి జీతమైంది. టాంజియర్ సిపాయికి లండన్ బాకీ పడింది, ఉత్తర సర్కారుల సిపాయికి లండన్ దమ్మిడీ ఇవ్వనక్కర్లేకపోయింది. సామ్రాజ్యం ఎక్కడ నిలిచిందో, ఎక్కడ చతికిలబడిందో తేల్చిన తేడా అదే.

ఇంకో సాక్ష్యం జలసంధికి ఆవలి గట్టునే ఉంది. 1704లో ఇంగ్లండ్ జిబ్రాల్టర్‌ను పట్టుకుంది, ఈనాటికీ వదల్లేదు. స్పెయిన్ వైపు నేల మూసుకుపోయినా ఆ రాతికొండమీది సైన్యానికి మాంసమూ ధాన్యమూ ఎక్కడినుంచి వచ్చాయి? మొరాకో నుంచి. 1721లో అదే మౌలే ఇస్మాయిల్‌తో ఒప్పందం చేసుకుని, అతని ప్రజలు జిబ్రాల్టర్‌లో ఉండి వర్తకం చేసుకునే హక్కు ఒప్పుకుని, తిండి సంపాదించుకున్నారు. టాంజియర్‌ను బలంతో పట్టి నిలుపుకోలేనివాళ్లు జిబ్రాల్టర్‌ను మొరాకో కొనుగోళ్లతో నిలుపుకున్నారు.

విద్యార్థి మిత్రులకు ఒక్క మాట చెప్పి ముగిస్తాను. టాంజియర్ మీద మిగిలిన కాగితాల్లో అత్యధికం ఇంగ్లిష్‌వే. ఉత్తరాలు, గుత్తలు, జీతాల పట్టీలు, పీప్స్ లెక్కలు. అవి చదివేవాళ్లకు మొరాకో వాళ్లు గోడ బయట కదిలే నీడల్లా కనిపిస్తారు. కాని ఆ పట్టీలోని ప్రతి ఖర్చు పద్దు వెనకా ఒక మొరాకో నిర్ణయం ఉంది. బజారు మూయడం, గడ్డి మేత ఆపడం, కందకం తవ్వడం, సంధికి ఒప్పుకోవడం. ఖర్చు పెరిగిన ఏడాదేమిటో చూసి, ఆ ఏడాది గోడ బయట ఏం జరిగిందో వెతికితే వాళ్ల చరిత్ర బయటపడుతుంది. మన సర్కారు జిల్లాల కలెక్టరేట్ రికార్డులు కూడా అలాగే చదవాలి. శిస్తు బకాయి పద్దు కనబడితే దాన్ని పాలకుడి నష్టంగా రాసుకుని పేజీ తిప్పేయకండి. ఇవ్వలేకపోయిన రైతు, ఇవ్వనన్న రైతు ఆ పద్దులోనే ఉన్నారు. వాళ్లిద్దరినీ విడదీసి చెప్పగలిగితే మీరు చరిత్ర రాయడం మొదలుపెట్టినట్టు.